పక్కింటి గోడ, పంచాయతీ మౌనం: స్థలం గొడవల్లో లోకాయుక్త దాకా ఏది వెళ్తుంది, ఎలా వెళ్లాలి (తిరుపతి, చిత్తూరు జిల్లాల వాళ్ల కోసం)

"పక్కింటాయన మూడడుగులు ముందుకు జరిగి గోడ కట్టేశాడు. మున్సిపాలిటీ వాళ్లు పట్టించుకోవట్లేదు. లోకాయుక్తకు రాస్తే ఆ గోడ తీయిస్తారా?" తిరుచానూరు నుంచీ, పలమనేరు నుంచీ, రేణిగుంట నుంచీ ఇదే ప్రశ్న మాటలు మారి వస్తూనే ఉంది.

తీయించరు. కానీ ఆ గోడ విషయంలో ఆఫీసులో కూర్చున్న మనిషి ఏం చేశాడు, ఎందుకు చేయలేదు అన్నది మాత్రం లోకాయుక్త (అధికారుల మీద వచ్చే అవినీతి, దురుద్దేశం ఆరోపణలను విచారించే సంస్థ) అడగగలదు. ఈ తేడా తెలియక ఏడాది, రెండేళ్లు తప్పు గుమ్మం ముందు నిలబడి, ఈలోపు కోర్టు గడువు పోగొట్టుకున్నవాళ్లు చాలామంది ఉన్నారు. అందుకే కింద చెప్పినవన్నీ వరుసలోనే చేయండి.

## 1. ముందు గొడవను రెండుగా విడదీయండి

ఒక తెల్లకాగితం తీసుకుని మధ్యలో గీత గీయండి. ఎడమవైపు పక్కింటాయన చేసింది రాయండి. కుడివైపు ఆఫీసు చేసింది, లేదా చేయనిది రాయండి.

ఇప్పుడు ఎడమవైపు మొత్తం చేత్తో మూసేయండి. కుడివైపు ఒక అధికారి హోదా, ఒక తేదీ, ఒక పని కనబడుతున్నాయా? కనబడితే లోకాయుక్త గురించి ఆలోచించవచ్చు. కుడివైపు ఖాళీగా ఉన్నా, "ఎవరూ పట్టించుకోలేదు" అని ఒక్క ముక్కే ఉన్నా, మీది ఇంకా ఇద్దరు మనుషుల మధ్య గొడవే.

మన దగ్గర తరచూ వచ్చే గొడవలను ఇలా విడదీసి చూద్దాం.

నా సైటులోకి జరిగి కట్టాడు. సివిల్ కోర్టు. మున్సిపాలిటీ హద్దులు తేల్చదు, లోకాయుక్త అసలే తేల్చదు.

రోడ్డు మీదకో, కాలువ మీదకో కట్టాడు. మొదట స్థానిక సంస్థ. రాతపూర్వకంగా ఫిర్యాదు చేశాక కూడా, ఎవరికో మేలు చేయడానికి అధికారి కావాలనే ఫైలు తొక్కిపెట్టాడని చూపించగలిగితే తర్వాత లోకాయుక్త.

ప్లాన్‌కు విరుద్ధంగా రెండంతస్తులు ఎక్కువ వేశాడు. టౌన్ ప్లానింగ్ విభాగం. డబ్బు తీసుకుని వదిలేశారనడానికి ఆధారం ఉంటే లోకాయుక్త. లంచం అడుగుతుండగా పట్టించాలనుకుంటే ఏసీబీ, 1064.

నా పట్టా భూమిని వేరేవాళ్ల పేరుకు మ్యుటేషన్ (రెవెన్యూ రికార్డులో పేరు మార్పు) చేశారు. మ్యుటేషన్ రద్దు కావాలంటే ఆర్డీవో దగ్గర అప్పీలు. తహసీల్దారు దురుద్దేశంతో చేశాడన్నది వేరే విషయం, అది లోకాయుక్తకు వెళ్లగలదు. రెండూ ఒకే కాగితంలో కలిపితే రెండూ చెడతాయి.

రోడ్డు వెడల్పని కార్పొరేషనే నోటీసు లేకుండా నా ప్రహరీ కొట్టేసింది. హైకోర్టులో రిట్, అదీ వెంటనే. ఇక్కడ లోకాయుక్త మొదటి మెట్టు కానే కాదు.

## 2. లోకాయుక్త చేతిలో ఉన్నది ఎంత

కేరళలో స్థానిక సంస్థల కోసమే ప్రత్యేకంగా అంబుడ్స్‌మన్ (ఫిర్యాదులు విచారించే స్వతంత్ర అధికారి) ఉన్నారు. మనకు అలా లేదు. ఆ పని లోకాయుక్తే చూస్తుంది. దానికి ఆధారం 1983 నాటి ఆంధ్రప్రదేశ్ లోకాయుక్త చట్టం. మేయర్లు, ప్రభుత్వ అధికారులు, స్థానిక సంస్థల ఉద్యోగులు దాని పరిధిలోకి వస్తారు. ఎవరి మీద ఫిర్యాదు లోకాయుక్త చూడాలి, ఎవరిది ఉప లోకాయుక్త చూడాలి అన్నది వాళ్ల ఆఫీసే చూసుకుంటుంది.

సర్పంచి విషయంలో మాత్రం ముందు డీపీవో (జిల్లా పంచాయతీ అధికారి), కలెక్టరు దారి పట్టండి. పంచాయతీరాజ్ చట్టం 249వ సెక్షన్ కింద సర్పంచిని తొలగించే అధికారం అటువైపే ఉంది.

చట్టంలో అసలు మాట "ఆరోపణ". దాని అర్థం మూడు రకాలు: పదవిని వాడుకుని తనకో, ఇంకొకరికో లాభం చేయడం లేదా ఎవరికైనా అన్యాయంగా నష్టం కలిగించడం. చెడు ఉద్దేశంతో పనిచేసి ప్రభుత్వానికో, ప్రజలకో నష్టం తేవడం. అవినీతి లేదా నిజాయితీ లేకపోవడం. మీ ఫిర్యాదు ఈ మూడింటిలో ఒకదానిలో ఇమడాలి. "పని ఆలస్యం అవుతోంది" అన్న ఒక్క మాట సరిపోదు.

చివర్లో లోకాయుక్త ఇచ్చేది నివేదిక, సిఫార్సు. గోడ కూల్చమని, పేరు మార్చమని డిక్రీ ఇవ్వదు. కేరళలో రీసర్వే రికార్డు సరిచేయమని రెవెన్యూ వాళ్లకు ఉప లోకాయుక్త ఇచ్చిన ఆదేశాన్ని 2023 డిసెంబరులో సుప్రీంకోర్టు కొట్టేసింది. రికార్డు సరిచేయడానికి చట్టంలో వేరే దారి ఉండగా అలా ఆదేశించే అధికారం లేదంది. అది కేరళ చట్టం మీద వచ్చిన తీర్పే అయినా, మన ఫిర్యాదు రాసేటప్పుడూ అదే జాగ్రత్త పాటించాలి.

ఇంకొకటి: జరిగిన పనికి ఆరేళ్లు దాటితే ఫిర్యాదు తీసుకోరు. తాతల కాలం నాటి పాస్‌బుక్కు కథ అక్కడికి మోసుకెళ్లి లాభం లేదు.

## 3. ఆ నేల ఎవరిదో కాగితంలో తేల్చుకోండి

అన్నిటికన్నా ఎక్కువ సమయం పెట్టాల్సింది ఇక్కడే. జనం అన్నిటికన్నా తక్కువ సమయం పెట్టేదీ ఇక్కడే.

"అది రోడ్డేనండీ, ముప్పై ఏళ్లుగా నడుస్తున్నాం" అంటారు. నడవడం వేరు, కాగితంలో రోడ్డు కావడం వేరు. తిరుపతి చుట్టూ, ముఖ్యంగా రూరల్ మండలంలో, చంద్రగిరి వైపు, పొలాలను ముక్కలు చేసి అమ్మిన అనుమతి లేని లేఅవుట్లు బోలెడు.

టుడా (తిరుపతి పట్టణాభివృద్ధి సంస్థ) ఆమోదించిన లేఅవుట్ అయితే రోడ్లు, పార్కు స్థలం గిఫ్టు డీడు ద్వారా పంచాయతీకో, మున్సిపాలిటీకో దఖలు పడతాయి. అనుమతి లేని లేఅవుట్లో ఆ పని జరగదు. మీరు రోజూ బండి నడిపే ఇరవై అడుగుల దారి కాగితంలో ఇంకా ఆ పాత రైతు పేరనే ఉండొచ్చు. అప్పుడు "అది మా రోడ్డు కాదు" అని పంచాయతీ కార్యదర్శి చెప్పిన మాట అబద్ధం కాదు. ఆయన మీద లోకాయుక్తకు వెళ్తే మొదటి జవాబులోనే మీ ఫిర్యాదు పడిపోతుంది. మీ దారి మీ డాక్యుమెంటులో రాసిన హద్దుల మీద, లేదా ఈజ్‌మెంట్ హక్కు (ఇంకొకరి నేల మీదుగా నడిచే హక్కు) మీద ఆధారపడాలి. ఇరవై ఏళ్లు అడ్డు లేకుండా హక్కుగా వాడుకున్న దారికి 1882 నాటి ఈజ్‌మెంట్ చట్టం బలం ఇస్తుంది, కానీ దాన్ని తేల్చేది సివిల్ కోర్టే.

కాబట్టి అర్జీ రాయకముందే ఇవి దగ్గర పెట్టుకోండి:

- మీ రిజిస్టర్డ్ డాక్యుమెంటు, లింకు డాక్యుమెంట్లు. హద్దుల పట్టికలో ఆ వైపు ఏమని రాశారో గీత గీసి పెట్టుకోండి: "రోడ్డు", "సందు", "ఫలానా వాళ్ల స్థలం".
- ఈసీ (ఆ స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ల జాబితా). మీదే కాదు, గొడవలో ఉన్న సర్వే నంబరుది కూడా.
- మీభూమి వెబ్‌సైట్లో అడంగల్ (సాగు, అనుభవం రికార్డు), 1బీ (ఖాతాదారు భూముల రికార్డు), ఎఫ్ఎంబీ (సర్వే నంబరు కొలతల పటం). టౌనులో అయితే టౌన్ సర్వే రికార్డు.
- రీసర్వే అయిన ఊరైతే పాత సర్వే నంబరు, కొత్త ఎల్‌పీఎం (భూమి ముక్క పటం) నంబరు రెండూ.
- ఆమోదించిన లేఅవుట్ ప్లాన్ నకలు, గిఫ్టు డీడు నంబరు.
- 22ఏ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితా) ఆ సర్వే నంబరు ఉందా లేదా.

చివరిదాన్ని తేలిగ్గా తీసుకోకండి. మన దగ్గర టీటీడీ భూములు, హథీరాంజీ మఠం భూములు, డీకేటీ పట్టాలు (ప్రభుత్వం పంచిన అసైన్డ్ భూములు), వాగు పోరంబోకులు ఒకదాని పక్కన ఒకటి ఉంటాయి. పక్కవాడి మీద అర్జీ పెట్టి సర్వేయరును పిలిపిస్తే, మీ ఇల్లే మఠం సర్వే నంబరులో ఉందని తేలొచ్చు. ఆ సంగతి ఆఫీసు ఫైలు ఎక్కకముందే మీకు తెలిసి ఉండటం మంచిది.

పాత ఊళ్లో గ్రామనత్తం (ఊరి ఇళ్ల స్థలం) అయితే వ్యక్తిగత పట్టా కాగితం దొరకకపోవచ్చు. అక్కడ ఇంటి పన్ను రసీదులు, కరెంటు కనెక్షన్ తేదీ, పాత ఫొటోలు అనుభవానికి ఆధారాలు. యాజమాన్యానికి అవే రుజువు కావు గానీ, ఎన్నాళ్లుగా ఉన్నారో చెబుతాయి.

కొలతలు. ఎఫ్-లైన్ పిటిషన్ (హద్దులు కొలిచి చూపమనే దరఖాస్తు) పెట్టి సర్వే చేయించుకోండి. సర్వేయరు చుట్టుపక్కల వాళ్లకు నోటీసు ఇచ్చి కొలవాలి. ఆ నోటీసు నకలు, స్కెచ్, ఎండార్స్‌మెంట్ (ఆఫీసు రాసిచ్చే జవాబు) మూడూ తీసుకోండి. "రాళ్లు పాతి వెళ్లాడు సార్" అంటే చాలదు. రేపు ఆ రాయి పీకేస్తే మీ దగ్గర ఏమీ మిగలదు.

రీసర్వేలో హద్దు తప్పు పడిందనుకుంటే సర్వే, హద్దుల చట్టం కింద అప్పీలు వేసుకోవాలి. హద్దు ఖరారు చేస్తూ ప్రకటన వచ్చాక కోర్టుకు వెళ్లడానికి మూడేళ్ల గడువు ఉంటుంది. ఇవి కూడా లోకాయుక్త పని కాదు.

## 4. మొదటి అర్జీ

ఎవరికి ఇవ్వాలి? నగరంలో, పట్టణంలో అయితే కమిషనరుకు, నకలు వార్డు సచివాలయంలో ప్లానింగ్ కార్యదర్శికి. పల్లెలో అయితే పంచాయతీ కార్యదర్శికి, నకలు ఎంపీడీవోకు. ప్రభుత్వ పోరంబోకు, వాగు, బండి బాట అయితే తహసీల్దారుకు. 1905 నాటి భూ ఆక్రమణ చట్టం కింద ఏడో సెక్షన్ నోటీసు ఇచ్చేదీ, ఆరో సెక్షన్ కింద ఖాళీ చేయించేదీ రెవెన్యూ వాళ్లే.

అర్జీ ఒక పేజీ దాటకూడదు. పక్కింటాయన గుణగణాలు, మీ నాన్నగారి మంచితనం ఇందులో వద్దు. మచ్చుకు ఇలా రాయండి:

*"కమిషనర్ గారికి నమస్కారాలతో. ఫలానా వార్డులో, టుడా ఆమోదించిన ఫలానా నంబరు లేఅవుట్‌లోని 30 అడుగుల రోడ్డులో, నా ఇంటికి తూర్పున, సుమారు 4 అడుగుల వెడల్పు, 22 అడుగుల పొడవున గోడ కట్టారు. దానివల్ల మురుగు కాలువ మూసుకుపోయింది. స్థలాన్ని తనిఖీ చేసి, లేఅవుట్ ప్లాన్‌తో కొలతలు సరిచూసి, ఆక్రమణ అని తేలితే చట్టప్రకారం నోటీసు ఇచ్చి తొలగించాలని, తీసుకున్న చర్యను నాకు రాతపూర్వకంగా తెలపాలని కోరుతున్నాను. జతపరిచినవి: లేఅవుట్ ప్లాన్ నకలు, తేదీ ఉన్న ఫొటోలు, నా డాక్యుమెంటు నకలు."*

"ఆక్రమణ అని తేలితే" అన్న మాట వదిలిపెట్టకండి. అది లేకపోతే మీరే తీర్పు ఇచ్చేసినట్టు ఉంటుంది. అదుంటే తనిఖీ చేయాల్సిన బాధ్యత అధికారి మీద పడుతుంది. రేపు లోకాయుక్త ముందు మీరు అడగబోయేది కూడా సరిగ్గా ఆ బాధ్యత గురించే.

ఇచ్చిన అర్జీకి ముద్ర, తేదీ ఉన్న రసీదు తప్పనిసరి. తపాలా సెక్షన్‌లో "సార్ లేరు, రేపు రండి" అంటే వాదన పెట్టుకోకుండా పోస్టాఫీసుకు వెళ్లి స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చేలా పంపండి.

## 5. సోమవారం అర్జీ, ఆర్టీఐ: ఫైలు కదిలించేవి ఇవే

పదిహేను, ఇరవై రోజులు చూశాక సోమవారం కలెక్టరేట్లో జరిగే ప్రజా సమస్యల పరిష్కార వేదికలో అర్జీ పెట్టండి. 1100 నంబరుకు ఫోను చేసి కూడా నమోదు చేయించవచ్చు. 2022 ఏప్రిల్ 4 నుంచి తిరుపతి వేరే జిల్లా. శ్రీకాళహస్తి, సూళ్లూరుపేట వాళ్లు తిరుపతి కలెక్టరేట్‌కు వెళ్లాలి. నగరి, పలమనేరు, కుప్పం వాళ్లు చిత్తూరుకు. పాత ఫైళ్లు కొన్ని ఉమ్మడి జిల్లా నాటివి కాబట్టి, అప్పటి ఉత్తర్వు నకలు కావాలంటే రెండు చోట్లా అడగాల్సి రావచ్చు.

ఇక్కడ అందరికీ ఎదురయ్యేది ఒకటుంది. కొన్నాళ్లకు ఫోనుకు "మీ అర్జీ పరిష్కరించబడింది" అని మెసేజి వస్తుంది. వెళ్లి చూస్తే గోడ అలాగే ఉంటుంది. కోపంతో ఆ మెసేజి తీసేయకండి. దాన్ని ప్రింటు తీయండి, ఎండార్స్‌మెంట్ నకలు అడగండి. స్థలం చూడకుండానే "తనిఖీ చేశాము, ఆక్రమణ లేదు" అని రాసి ఉంటే, మీ కాగితంలో కుడివైపుకు అంతకన్నా మంచి ఆధారం దొరకదు.

ఆ తర్వాత సమాచార హక్కు దరఖాస్తు. మన రాష్ట్రంలో గ్రామస్థాయి ఆఫీసుకు ఫీజు లేదు, మండల స్థాయికి 5 రూపాయలు, ఆపైన 10 రూపాయలు. జవాబుకు గడువు 30 రోజులు.

"ఎందుకు చర్య తీసుకోలేదు?" అని అడిగితే "అది సమాచారం కాదు" అని తిప్పి పంపుతారు. కాగితాలు అడగండి:

- ఫలానా తేదీ నా అర్జీపై తెరిచిన ఫైలు నోట్ షీటు (ఆఫీసువాళ్లు ఒకరి కింద ఒకరు రాసే పేజీ) నకలు
- స్థల తనిఖీ నివేదిక, తనిఖీ తేదీ, చేసిన ఉద్యోగి హోదా
- ఎదుటివారికి జారీ చేసిన నోటీసులు, వాళ్ల జవాబులు
- ఆ కట్టడానికి ఇచ్చిన ప్లాన్ అనుమతి నకలు
- ఫైలు ప్రస్తుతం ఎవరి టేబుల్ మీద ఉందో, ఏ తేదీ నుంచి ఉందో

ముప్పై రోజుల్లో ఏమీ రాకపోతే మొదటి అప్పీలు వేయాలి, దానికీ 30 రోజులే గడువు. చాలామంది ఇక్కడే నీరుగారిపోతారు. జవాబు రాకపోవడం కూడా మీ కాగితంలో కుడివైపు ఒక తేదీనే, రాసుకోండి.

నోట్ షీటు ఎలా ఉంటుందో ఒకసారి గమనించండి. "సైటు చూశాను, 4 అడుగుల మేర రోడ్డులో ఉంది, నోటీసు ఇవ్వవచ్చు" అని కింది ఉద్యోగి రాస్తాడు. దాని కింద పైఅధికారి ఒక్క మాటే రాస్తాడు: "చర్చించండి". ఆ తర్వాత ఏడాది ఖాళీ. ఆరోపణకు పునాది ఆ ఖాళీ. మీ ఊహల కన్నా, వీధిలో వినబడే మాటల కన్నా ఆ పేజీ బలమైనది.

## 6. లోకాయుక్త ఫిర్యాదు రాయడం

ఇక్కడికొచ్చేసరికి మీ దగ్గర పక్కా తేదీలు ఉన్నాయి. ఇప్పుడు రాయండి.

ఫిర్యాదు నిర్ణీత ఫారంలో ఉండాలి, దానికి అఫిడవిట్ జతచేయాలి, నిర్ణీత రుసుము కట్టాలి. ఫారాలు, రుసుము వివరాలు లోకాయుక్త వెబ్‌సైట్లో చూసుకోండి. ఆఫీసు 2021లో హైదరాబాదు నుంచి కర్నూలుకు మారింది. పాత పుస్తకాల్లో, కొందరు డాక్యుమెంటు రైటర్ల దగ్గర ఇంకా హైదరాబాదు అడ్రసే తిరుగుతోంది. పంపే ముందు ఆరోజు అడ్రసు సరిచూసుకోండి.

తెలుగులో రాయవచ్చు. వకీలు తప్పనిసరి కాదు. అఫిడవిట్ మాత్రం జాగ్రత్త, అందులో తెలిసి అబద్ధం రాస్తే కేసు మీ మీదే అవుతుంది.

ప్రతివాదులుగా ఎవరిని పెట్టాలి? అధికారులను, హోదాతో, ఆ కాలంలో ఆ సీటులో ఎవరున్నారో చెబుతూ. పక్కింటాయనను ప్రతివాదిగా పెట్టకండి. ఆయన ప్రభుత్వ ఉద్యోగి కాదు. ఆయన పేరు మొదటి వరుసలో కనబడగానే "ఇది ప్రైవేటు తగాదా" అన్న ముద్ర పడిపోతుంది.

విషయం ఇలా నడవాలి:

*"ఫలానా తేదీన ఆక్రమణపై రాతపూర్వక ఫిర్యాదు ఇచ్చాను (జత 1). ఫలానా తేదీన కింది ఉద్యోగి తనిఖీ చేసి రోడ్డులో 4 అడుగులు ఆక్రమణ ఉందని నివేదించారు (జత 2). అయినా ఫలానా హోదాలోని అధికారి నోటీసు ఇవ్వలేదు. ఫలానా తేదీన అదే ఫైలులో ఆక్రమణ లేదని ఎండార్స్‌మెంట్ ఇచ్చారు (జత 3). తన దగ్గరున్న నివేదికకు విరుద్ధంగా ఇలా ఇవ్వడం ద్వారా కట్టినవారికి మేలు, వీధిలోని వారికి నష్టం కలిగించారు."*

చూడండి, ఇందులో స్థలం ఎవరిదన్న వాదనే లేదు. రెండు కాగితాలు ఒకదాన్నొకటి కొట్టుకుంటున్నాయి, అంతే.

కోరిక కూడా దానికి తగ్గట్టే ఉండాలి. "గోడ కూల్చాలి", "స్థలం నాదని ప్రకటించాలి" అని రాయకండి. "ఈ అధికారి ప్రవర్తనపై విచారణ జరపాలి, చట్టప్రకారం తీసుకోవాల్సిన చర్య గురించి సంబంధిత అధికారికి సిఫార్సు చేయాలి" అని రాయండి.

కవరు అంటించే ముందు:

- ఘటన జరిగి ఆరేళ్లు దాటలేదు
- ప్రతి తేదీకి ఒక జత కాగితం ఉంది, వరుస నంబరు వేశారు
- అఫిడవిట్‌లో సంతకం ప్రతి పేజీలో ఉంది
- ఇదే విషయం మీద కోర్టులో కేసు ఉంటే నంబరుతో సహా చెప్పారు
- మొత్తం సెట్టుకు ఒక జిరాక్సు ఇంట్లో పెట్టుకున్నారు

కోర్టు కేసు సంగతి దాచిపెడితే ఎదుటివాళ్లు మొదటి కౌంటరులోనే (రాతపూర్వక జవాబులోనే) బయటపెడతారు. తర్వాత మీరు ఎంత నిజం చెప్పినా వినే చెవి ఉండదు.

## 7. వేసిన తర్వాత ఏం జరుగుతుంది

ముందు ప్రాథమిక పరిశీలన. ఆఫీసు నుంచి నివేదిక అడుగుతారు. ఆ నివేదిక మీకు వస్తే అభ్యంతరాలు రాయమంటారు. మూడొంతుల ఫిర్యాదుల బలం తేలేది ఇక్కడే అని నా అభిప్రాయం. అధికారి జవాబు దాదాపు ఎప్పుడూ ఇలాగే ఉంటుంది: "ఇది ఇద్దరు వ్యక్తుల మధ్య సివిల్ వివాదం. ఫిర్యాదుదారు కోర్టుకు వెళ్లాలి."

దీనికి పేజీలకు పేజీలు రాయక్కర్లేదు. "నా ఫిర్యాదు హద్దుల గురించి కాదు. ఆమోదిత లేఅవుట్ రోడ్డుపై సంస్థ సొంత ఉద్యోగి ఇచ్చిన నివేదికపై చర్య తీసుకోకపోవడం గురించి. జత 2 చూడగలరు." అంతే. ఈ నాలుగు ముక్కలు రాయగలిగే స్థితిలో ఉండటానికే పైన అంత తంటాలు పడ్డాం.

ఆరోపణ రుజువైందనుకుంటే సిఫార్సుతో నివేదిక సంబంధిత ఉన్నతాధికారికి వెళ్తుంది. తీసుకున్న చర్యను ఆయన మూడు నెలల్లో లోకాయుక్తకు తెలపాలి. ఆ మూడు నెలల తేదీ క్యాలెండరులో రాసుకుని, దాటగానే ఏం జరిగిందో ఆర్టీఐలో అడగండి.

మధ్యలోనే చాలాసార్లు ఇంకోటి జరుగుతుంది. నోటీసు రాగానే ఆఫీసు వాళ్లు నిద్రలేచి, ఆ గోడకు నోటీసు ఇచ్చేస్తారు. "చర్య తీసుకున్నాం" అని కౌంటరు వేస్తారు, ఫిర్యాదు మూసేస్తారు. మీకు కావాల్సింది కాలువ తెరుచుకోవడమే అయితే దానికి బాధపడాల్సిన పనేమీ లేదు.

## 8. సొంత స్థలం గొడవ: ఈ గడువులు ఆగవు

మీ కాగితంలో ఎడమవైపు రాసింది సివిల్ దారిలో వేరుగా నడవాలి. లోకాయుక్తలో గడిచిన కాలాన్ని కోర్టు గడువులోంచి తీసేస్తారని లెక్కేసుకోవద్దు.

- ఆరు నెలలు: మిమ్మల్ని బలవంతంగా మీ స్థలంలోంచి వెళ్లగొడితే, యాజమాన్యం జోలికి పోకుండా స్వాధీనం తిరిగి తెచ్చుకునే దావా. 1963 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం ఆరో సెక్షన్. ప్రైవేటు వ్యక్తుల మీదే, ప్రభుత్వం మీద కుదరదు. సోమవారం సోమవారం కలెక్టరేట్ చుట్టూ తిరుగుతూ ఈ గడువు పోగొట్టుకునేవాళ్లే ఎక్కువ.
- మూడేళ్లు: హక్కు ప్రకటన కోసం దావా.
- పన్నెండేళ్లు: యాజమాన్యం ఆధారంగా స్వాధీనం కోరే దావా.
- అరవై రోజులు: మ్యుటేషన్ ఉత్తర్వు మీద ఆర్డీవోకు అప్పీలు. తర్వాత రివిజన్ ఉంటుంది, సివిల్ కోర్టులో డిక్లరేషన్ దావా కూడా ఉంటుంది.
- రెండు నెలలు: ప్రభుత్వం మీద దావా వేయబోయే ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 నోటీసు ఇచ్చి ఆగాల్సిన సమయం.

కట్టడం ఇంకా పునాది దశలో ఉంటే అన్నీ పక్కనబెట్టి ముందు ఇంజంక్షన్ (పని ఆపమనే కోర్టు ఉత్తర్వు) కోసం వకీలును కలవండి. స్లాబు పడ్డాక ఆపడం ఎవరి తరమూ కాదు.

దారికి అడ్డంగా ఏదైనా కట్టి నలుగురూ ఇబ్బంది పడుతుంటే భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 152వ సెక్షన్ కింద ఆర్డీవోను అడగవచ్చు. అది ప్రజల దారి అయితేనే.

ఖర్చు భయం ఉంటే న్యాయసేవాధికార సంస్థ, 15100. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసహాయం దొరుకుతుంది. పక్కింటివాళ్లతో రేపూ మొహాలు చూసుకోవాలి కదా, లోక్ అదాలత్‌లో రాజీ కుదిరితే ఆ అవార్డు కోర్టు డిక్రీతో సమానం, దానిమీద అప్పీలు లేదు. పొలం గెనిమ దగ్గర వచ్చే అడుగు, రెండడుగుల గొడవలకు దీనికి మించిన దారి నాకు కనబడలేదు.

## 9. వేరే అంబుడ్స్‌మన్ల దగ్గరకు వెళ్లాల్సినవి

ఇంటి లోను తీరినా బ్యాంకు ఒరిజినల్ డాక్యుమెంట్లు ఇవ్వకపోతే అది రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్ పని. ముందు బ్యాంకుకు రాసి, 30 రోజులు ఆగి వెళ్లాలి. 2023 డిసెంబరు 1 నుంచి, లోను తీరిన 30 రోజుల్లో కాగితాలు తిరిగివ్వకపోతే రోజుకు 5,000 రూపాయల పరిహారం ఇవ్వాలన్న నిబంధన ఉంది.

మీ స్థలంలో అడగకుండా కరెంటు స్తంభం పాతితే ఎస్పీడీసీఎల్ (కరెంటు పంపిణీ సంస్థ) వినియోగదారుల ఫిర్యాదుల వేదిక, అది తిరుపతిలోనే ఉంది. అక్కడ న్యాయం జరగలేదనుకుంటే విద్యుత్ అంబుడ్స్‌మన్.

బిల్డరు మోసం చేస్తే రెరా (స్థిరాస్తి నియంత్రణ సంస్థ).

## 10. తరచూ జరిగే తప్పులు, సరిచేసుకునే దారి

ఒకే అర్జీ పదిమందికి పంపడం. ముఖ్యమంత్రి, గవర్నరు, లోకాయుక్త, కలెక్టరు, ఎస్పీ అందరికీ ఒకే కాగితం. అన్నీ తిరిగి తిరిగి అదే పంచాయతీ కార్యదర్శి టేబుల్ మీదకు చేరతాయి. ఇప్పటికే పంపేసి ఉంటే, ఒక్క అధికారికి కొత్తగా అర్జీ ఇచ్చి అక్కడి నుంచి తేదీలు లెక్కపెట్టండి.

ఫిర్యాదు "ప్రైవేటు వివాదం" అని మూసేయడం. అదే కాగితం మళ్లీ పంపకండి. ఆర్టీఐలో నోట్ షీటు తెచ్చుకుని, అధికారి పని మీదే కొత్త ఆధారం ఉంటే కొత్త ఫిర్యాదు వేయండి. లేకపోతే కోర్టుకు వెళ్లండి.

నోటిమాటతో లంచం ఆరోపణ. "అందరికీ తెలుసండీ" అన్నది సాక్ష్యం కాదు. ఆధారం లేకపోతే లంచం మాట తీసేసి, కాగితాల్లో కనబడే పక్షపాతం వరకే రాయండి.

ఫొటోల్లో తేదీ లేకపోవడం. ఫోను గ్యాలరీలో అసలు ఫైలు ఉంచండి, వాట్సాప్‌లో వచ్చిన కాపీ మీద ఆధారపడకండి. గోడ పక్కన టేపు పట్టుకుని, కాలువ అంచు కూడా కనబడేలా తీయండి.

మీ ప్లాన్‌లో లోపం ఉండగా ఎదుటివాడి ప్లాన్ మీద ఫిర్యాదు. తనిఖీకి వచ్చినవాళ్లు రెండిళ్లూ కొలుస్తారు. మీ మెట్లు రోడ్డులోకి దిగి ఉంటే ముందు వాటిని సరిచేసుకోండి.

అధికారి బదిలీ అయ్యాడని వదిలేయడం. ఫిర్యాదు సీటు మీద కాదు, ఆ కాలంలో ఆ పని చేసిన మనిషి మీద. ఆయన వేరే జిల్లాకు వెళ్లినా ఆరేళ్లలోపు అయితే ఫిర్యాదు చెల్లుతుంది. ఆ తేదీల్లో ఆ హోదాలో ఎవరు పనిచేశారో ఆర్టీఐలో అడిగి, ఆ జవాబునే మొదటి జతగా పెట్టండి.